రాజోలు దీవిలో లూకస్ నీల్: ఒక టిఫిన్ హోటల్ శనివారపు ప్రదర్శనలపై సమీక్ష

పాలకొల్లు నుంచి చించినాడ వంతెన దాటి రాజోలు వైపు వెళ్లే దారిలో, గల్ఫ్‌లో చాలాకాలం పనిచేసి తిరిగివచ్చిన ఒకాయన నడుపుతున్న టిఫిన్ హోటల్ పగలంతా మామూలు హోటలే. శనివారం రాత్రి మాత్రం వెనుక వసారాలో తెల్లగుడ్డ కట్టి, ప్రొజెక్టర్ పెట్టి, మనిషికి 100 రూపాయల చొప్పున తీసుకుని, ఒక ప్లేటు టిఫినూ టీ ఇచ్చి ఒక పాత ఫుట్‌బాల్ మ్యాచ్‌ను మొదటి ఈల నుంచి చివరి ఈల దాకా చూపిస్తారు. యజమాని కోరిక మేరకు హోటల్ పేరు ఇక్కడ ఇవ్వడం లేదు. నెలకు ఒక ఆటగాడిని తీసుకుని అతని ఆటజీవితాన్ని వరుసగా చూపించడం ఇక్కడి పద్ధతి. నేను వెళ్లిన నెలలో ఆ ఆటగాడు ఆస్ట్రేలియా జట్టు డిఫెండర్, మాజీ కెప్టెన్ లూకస్ నీల్.

కోనసీమలో ఒక హోటల్ వసారాకు, సిడ్నీలో పుట్టిన డిఫెండర్‌కు సంబంధం ఏమిటన్న సందేహం ఎవరికైనా రావచ్చు. ఆ సంబంధం అబూదాబీలో ఉంది. నీల్ 2011లో అక్కడి అల్ జజీరా క్లబ్‌లో చేరాడు. అతడు చేరడానికి ముందు 2010–11 సీజన్‌లో ఆ క్లబ్ దేశపు లీగ్‌నూ ప్రెసిడెంట్స్ కప్‌నూ రెండింటినీ గెలిచింది. మన యజమాని అప్పుడు అదే ఊళ్లో ఉద్యోగం చేస్తూ, సెలవు దొరికినప్పుడల్లా మహమ్మద్ బిన్ జాయెద్ స్టేడియానికి వెళ్లేవారట. ఇంటికొకరు గల్ఫ్‌లో పనిచేసిన ఈ దీవిలో ఆ క్లబ్ పేరు తెలిసినవారు వసారాలో ఇంకా కొందరు కనిపించారు. అందువల్ల ఆటగాడి ఎంపిక వింతగా తోచలేదు. ఫుట్‌బాల్ అనగానే గోల్ కొట్టేవారినే చూపించే అలవాటు అంతటా ఉండగా, ఈ హోటల్ ఒక డిఫెండర్‌కు నెల మొత్తం కేటాయించడం మెచ్చుకోవలసిన సాహసం.

సాహసం అనడానికి కారణం ఉంది. ఫార్వర్డ్ ఆటను పది నిమిషాల ముక్కల్లో చూసినా అతని ప్రతిభ ఎంతో కొంత తెలుస్తుంది. డిఫెండర్ మాత్రం ముక్కల్లో కనిపించేది చాలావరకు తప్పు చేసినప్పుడే. ఇంటర్నెట్‌లో నీల్ పేరు కొడితే ముందుగా వచ్చేవి రెండు దృశ్యాలు. ఒకటి, 2003 సెప్టెంబరులో ఇంగ్లండ్ క్లబ్ బ్లాక్‌బర్న్ తరఫున ఆడుతూ లివర్‌పూల్ ఆటగాడు జేమీ క్యారఘర్ కాలు విరిగేలా చేసిన ట్యాకిల్. రెండోది, 2006 ప్రపంచకప్‌లో ఇటలీకి పెనాల్టీ ఇప్పించిన క్షణం. దేశం తరఫున 96 మ్యాచ్‌లు ఆడి, వాటిలో 60కి పైగా మ్యాచ్‌లకు కెప్టెన్‌గా ఉన్న మనిషి జ్ఞాపకం ఆ రెండు దృశ్యాలకే కుదించుకుపోయింది. మ్యాచ్‌ను పూర్తిగా చూపించాలన్న ఈ హోటల్ నియమం సరిగ్గా ఆ లోటును పూడుస్తుంది. నా దృష్టిలో 100 రూపాయల విలువ దానిదే, టిఫినుది కాదు.

ప్రతి రాత్రీ మ్యాచ్‌కు ముందు యజమాని తెలుగులో చిన్న పరిచయం చెబుతారు. మొదటి శనివారపు పరిచయంలో నీల్ 1978లో సిడ్నీలో పుట్టడం, కాన్‌బెర్రాలోని ఆస్ట్రేలియా క్రీడా సంస్థలో శిక్షణ పొందడం, 1995లో పదిహేడేళ్ల వయసులో లండన్‌లోని మిల్‌వాల్ క్లబ్‌కు వెళ్లడం, మరుసటి ఏడాదే సౌదీ అరేబియాపై జాతీయ జట్టులో తొలిసారి ఆడడం చెప్పారు. అంతవరకు చక్కగా ఉంది. మిల్‌వాల్‌లో గడిచిన ఆరేళ్లను మాత్రం రెండు వాక్యాల్లో ముగించడం బాగాలేదు. ఆ క్లబ్ 2000–01లో మూడో శ్రేణి లీగ్ గెలిచి పైకి వచ్చింది. 2001లో నీల్ ప్రీమియర్ లీగ్‌లోని బ్లాక్‌బర్న్‌కు చేరాడు. ఒక కుర్రవాడు డిఫెండర్‌గా తయారైన కాలం అదే కాబట్టి, శ్రోతకు అక్కడ కొంత నిలకడగా చెప్పవలసింది. క్యారఘర్ గాయాన్ని మాత్రం దాచకుండా, నీల్‌ను ఆ మ్యాచ్‌లో మైదానం నుంచి పంపివేసిన సంగతితో సహా చెప్పారు. అభిమాని నిర్వహించే కార్యక్రమంలో అంత నిజాయితీని నేను ఆశించలేదు.

ఆ రాత్రి చూపించింది 2005 నవంబరు 16న సిడ్నీలో ఉరుగ్వేతో జరిగిన ప్రపంచకప్ అర్హత మ్యాచ్. అంతకు నాలుగు రోజుల ముందు మాంటెవీడియోలో ఆస్ట్రేలియా 1–0తో ఓడింది. సిడ్నీలో బ్రెషియానో గోల్‌తో రెండు మ్యాచ్‌ల లెక్క సమం కాగా, ఫలితం పెనాల్టీలకు వెళ్లింది. రెండో కిక్ నీల్‌ది. ఇలాంటి సమయాల్లో డిఫెండర్లు వెనుక వరుసలో నిలబడి ఉండడం మామూలు. 1974 తరువాత మళ్లీ ప్రపంచకప్‌కు వెళ్లగలమా అని దేశమంతా ఎదురుచూస్తున్న రాత్రి, అతడు తొందర లేకుండా నడిచివెళ్లి గోల్ చేయడం పూర్తి మ్యాచ్ చూసినవారికే బోధపడే విషయం. ఎందుకంటే అంతకుముందు రెండు గంటలూ అతడు బంతిని ఎక్కడికి పంపినా అదే నెమ్మదితో పంపాడు. ఆస్ట్రేలియా 4–2తో గెలిచింది. చివరి కిక్ కొట్టిన అలోయిసీ ఆనందపు పరుగునే అందరూ గుర్తుపెట్టుకున్నారు.

ఈ నెల మొత్తానికి ప్రాణం రెండో శనివారం. 2006 జూన్ 26న జర్మనీలోని కైజర్‌స్లౌటర్న్‌లో ఇటలీతో జరిగిన ఆ మ్యాచ్ మనకు రాత్రి 8.30కు మొదలైంది కాబట్టి, హోటల్‌లోనూ సరిగ్గా 8.30కే మొదలుపెట్టారు. నీల్ క్లబ్‌లో ఎక్కువగా రైట్ బ్యాక్‌గా, అంటే కుడి అంచు డిఫెండర్‌గా ఆడేవాడు. గస్ హిడింక్ శిక్షణలోని జాతీయ జట్టులో అతనిది డిఫెన్స్ నడిమి స్థానం. ఈ మార్పు కాగితం మీద చిన్నదే. అంచున ఆడేవాడికి ఒక పక్క గీతే కాపలాగా ఉంటుంది, నడిమిన ఉన్నవాడికి రెండు పక్కలా ప్రమాదమే. లూకా టోనీ, గిలార్డినో లాంటి ఫార్వర్డ్‌లు ఎదురుగా ఉండగా నీల్ ఆ చోట ఎలా నిలిచాడన్నది తొలి అర్ధభాగమంతా కనిపిస్తుంది. బంతి రాకముందే అడుగు వేసి, దారి మూసి, ఎదుటివాడిని గోల్‌కు వీపు తిప్పేలా చేయడంలోనే అతని పని చాలా భాగం జరిగిపోతుంది. నేలకు జారడం అరుదు.

50వ నిమిషంలో మెటరాజీకి ఎర్ర కార్డు పడి ఇటలీ పదిమందితో మిగిలింది. అక్కడి నుంచి ఆస్ట్రేలియా బంతిని తిప్పుతూనే ఉండిపోయింది. హిడింక్ 81వ నిమిషంలో అలోయిసీని దింపడం తప్ప వేరే మార్పు చేయలేదు. అదనపు సమయం కోసం మనుషులను దాచుకుంటున్నాడని చూసేవారికి అర్థమవుతుంది. ఇంజురీ టైమ్ ముగియబోతుండగా ఎడమవైపు నుంచి ఇటలీ ఆటగాడు ఫాబియో గ్రోసో, బ్రెషియానోను తప్పించుకుని పెనాల్టీ ప్రాంతంలోకి చొచ్చుకువచ్చాడు. నీల్ నేలకు జారాడు, బంతి అందలేదు, లేచే వ్యవధి లేక అడ్డంగా ఉండిపోయాడు. గ్రోసో అతని మీదుగా పడ్డాడు. స్పెయిన్ రెఫరీ మెదీనా కాంతలెహో పెనాల్టీ ఇవ్వగా, టొట్టి గోల్ చేశాడు. ఆట అక్కడితో సరి. తాను ఆ పడడాన్ని కొంచెం పెద్దది చేసి ఉండవచ్చునని కొన్నేళ్ల తరువాత గ్రోసో ఒప్పుకున్నాడు. ఇటలీ ఆ కప్ గెలిచింది.

ఇక్కడ యజమాని ప్రొజెక్టర్‌ను ఆపి ఆ క్షణాన్ని మళ్లీ చూపించారు. వసారాలో కూర్చున్నవారిలో సగంమంది సంక్రాంతి కబడ్డీ చూసి పెరిగినవారు, కొందరు ఆడినవారు. ముందు బెంచీలో ఉన్న ఒక పెద్దాయన, "కూతకొచ్చినోడు కాలెయ్యకుండానే ఈయన ముందే కూలబడిపోయాడేటండీ" అన్నారు. "ఆయ్, అదేనండి బాబాయ్ గారూ, అప్పటిదాకా గంటన్నర కాళ్లమీదే నిలబడ్డాడండి" అని యజమాని సమాధానమిచ్చారు. ఇంగ్లిష్ వ్యాఖ్యానంలో ఈ రెండు ముక్కలకు సమానమైన వివరణ నాకు వినిపించలేదు. రెఫరీ నిర్ణయం తప్పా ఒప్పా అన్న వాదన ఎప్పటికీ తెగదు. నీల్ తాను రోజంతా పాటించిన పద్ధతిని ఆ ఒక్కసారి వదిలాడన్నది మాత్రం తొంభై నిమిషాలూ చూసినవారికి స్పష్టంగా కనబడుతుంది. ముక్క చూసినవారు అతడిని తొందరపాటు మనిషనుకుంటారు. ఆట అంతా చూస్తే ఆ జారడం అతని స్వభావానికే విరుద్ధమని తేలుతుంది.

మూడో శనివారం జనం ఎక్కువగా వచ్చారు, కార్యక్రమం మాత్రం తేలిపోయింది. 2011 జనవరి 10న దోహాలో ఆసియా కప్ తొలి మ్యాచ్‌లో ఆస్ట్రేలియా మన దేశంపై 4–0తో గెలిచిన ఆటను ఎంచుకున్నారు. 1984 తరువాత భారత్ ఆ టోర్నమెంట్ ఆడడం అదే మొదటిసారి కాబట్టి, మనవారిని చూడాలన్న ఆసక్తి సహజమే. గోల్ కీపర్ సుబ్రతా పాల్ బంతిని ఆపిన ప్రతిసారీ చప్పట్లు మోగాయి. కానీ ఆస్ట్రేలియా డిఫెన్స్‌కు పెద్దగా పనిలేని ఆటను డిఫెండర్ నెలలో చూపించడం వల్ల ప్రయోజనం ఏముంది? అదే టోర్నమెంట్‌లో జనవరి 29న జపాన్‌తో జరిగిన ఫైనల్ చూపించి ఉంటే సరిపోయేది. గోల్ లేకుండా అదనపు సమయానికి వెళ్లిన ఆ ఆటలో, 109వ నిమిషంలో జపాన్ ఆటగాడు నగటోమో ఎడమవైపు నుంచి పంపిన బంతిని, పక్కన ఎవరూ లేకుండా నిలబడిన తదనారి లీ గాల్లోనే కొట్టి గోల్ చేశాడు. ఒక్క మనిషిని వదిలేస్తే ఒక డిఫెన్స్‌కు ఏం జరుగుతుందో చెప్పడానికి అంతకు మించిన పాఠం లేదు. ఈ మాట యజమానితో అన్నాను. జనం రావాలి కదండీ అన్నారు. హోటల్ నడపడం వారికి తెలిసిన పని, కాదనలేను.

చివరి శనివారం హడావిడిగా సాగింది. 2010 ప్రపంచకప్‌లో జర్మనీ చేతిలో 4–0తో ఓడడం, ఆ ఓటమి తెచ్చిన గోల్ తేడా వల్లే సెర్బియాపై గెలిచినా ముందుకు వెళ్లలేకపోవడం నోటిమాటగా గడిచిపోయాయి. లండన్ క్లబ్ వెస్ట్ హామ్‌లో గడిచిన కాలం అంతకన్నా తక్కువే దక్కించుకుంది. 2007 జనవరిలో లివర్‌పూల్ ఆసక్తి చూపుతున్నా, కింది శ్రేణికి దిగజారిపోయే ప్రమాదంలో ఉన్న వెస్ట్ హామ్‌కు నీల్ వెళ్లడం అప్పట్లో విమర్శలకు గురైంది. ఆ జట్టు చివరిరోజున మాంచెస్టర్ యునైటెడ్‌ను వారి మైదానంలోనే ఓడించి నిలిచింది. ఆ తరువాత అతడు దానికి కెప్టెన్ కూడా అయ్యాడు. ఫిఫా తన పాత ప్రపంచకప్ మ్యాచ్‌లను చాలావరకు ఉచితంగానే అందుబాటులో ఉంచింది, క్లబ్ మ్యాచ్‌లు అలా దొరకవు అన్నది యజమాని ఇచ్చిన వివరణ. ఆ వివరణ న్యాయమైనదే అయినా, దృశ్యం లేని చోట మాటకు మరికొంత సమయం ఇవ్వవచ్చు.

ఆ రాత్రి తెరపై చూపించింది 2013 జూన్‌లో మెల్‌బోర్న్‌లో జోర్డాన్‌పై 4–0 విజయం. జాతీయ జట్టుకు తొంభైకి పైగా మ్యాచ్‌లు ఆడిన నీల్ చేసిన ఒకే ఒక్క గోల్ అందులో ఉంది. అభిమానికి తీపి ముగింపు కావాలనిపించడం అర్థం చేసుకోగలను. కానీ కథ అక్కడ ఆగలేదు. అదే ఏడాది బ్రెజిల్ చేతిలో 6–0, ఫ్రాన్స్ చేతిలో మళ్లీ 6–0తో ఓడి, కోచ్ ఓజెక్ పదవి కోల్పోయాడు. నవంబరులో సిడ్నీలో కోస్టారికాతో ఆడుతుండగా సొంత ప్రేక్షకులే నీల్‌ను గేలిచేశారు, అతడు వారివైపు తిరిగి కోపం చూపాడు. జాతీయ జట్టులో అదే అతని ఆఖరి మ్యాచ్. కొత్త కోచ్ పోస్టెకోగ్లూ 2014 ప్రపంచకప్‌కు అతడిని తీసుకోలేదు. వాట్‌ఫర్డ్, డాంకాస్టర్‌లతో క్లబ్ ఆట కూడా అదే ఏడాది ముగిసింది. ఉరుగ్వేపై పెనాల్టీ కొట్టినప్పుడు హర్షించిన నగరమే ఎనిమిదేళ్లకు గేలిచేయడాన్ని చూపించకుండా నెల ముగించడం, మొదటి రోజున క్యారఘర్ సంగతి దాచని కార్యక్రమానికి తగదు.

ఇక హోటల్ సంగతులు. పనసాకు బుట్టల్లో ఉడికించిన పొట్టిక్కలు, కొబ్బరి పచ్చడి బాగున్నాయి, పెసరట్టు ఆలస్యమైంది. అల్లం టీ విరామంలో అడిగినవారికి రెండోసారి కూడా పోశారు. కుర్చీలు ముందువారికే, తరువాత వచ్చినవారికి బెంచీలు. కాలువ పక్కనే కాబట్టి దోమలు తప్పవు, యజమాని వెలిగించే బత్తీలు చాలవు. బొమ్మ స్పష్టంగానే ఉంది గాని, మూల ఉన్న స్పీకర్ ఒక్కటే కావడంతో వెనుకవారికి మాటలు వినబడవు. కరెంటు పోతే ఇన్వర్టర్ ప్రొజెక్టర్‌ను ఆపకుండా నడిపింది. ఆడవారికి, పిల్లలకు ఒక పక్క విడిగా చోటు ఉంచడం గమనించాను, ఆ చోటు నిండింది కూడా.

వచ్చే నెల ఆటగాడు నీల్ సహచరుడే, గోల్ కీపర్ మార్క్ ష్వార్జర్ అని ప్రకటించారు. వెళ్లదలచినవారు ఎనిమిది లోపే చేరి టిఫిను ముందే తినడం మంచిది. మ్యాచ్ మొదలయ్యాక పెనం ఆర్పేస్తారు. ఆట ముగిసేసరికి పాలకొల్లు వైపు బస్సు దొరకడం కష్టం కాబట్టి సొంత బండి ఉండాలి.