ఈలమ్మ గుడి: పడవ వాళ్ల కోసం నా రివ్యూ
ఉప్పు పడవ నడిపేవాణ్ని కాబట్టి పడవ వాళ్లకి పనికొచ్చే సంగతులే రాస్తున్నాను. కొండ అంచున ఉన్న ఈ గుడిలో విగ్రహం లేదు, దీపం లేదు. చిల్లులున్న నిలువెత్తు బండ, అంతే. సముద్రం మీంచి గాలి వస్తే సన్నటి ఈల, నేల మీంచి వస్తే బొంగురు గొంతు. పూజారమ్మకి చూపు లేదు. ఆ స్వరం వినే మన ప్రయాణం సంగతి చెబుతుంది.

నైవేద్యం గుప్పెడు ధాన్యపు పొట్టు. చేటతో ఎగరేసి, అది ఎటు పోతుందో దాన్ని బట్టి ముహూర్తం పెడతారు. నన్ను తెల్లవారకముందే బయల్దేరమంది. రాత్రి నేల తొందరగా చల్లబడి గాలి సముద్రం వైపు వీస్తుంది, ఎండెక్కాక తిరగబడుతుంది. నిజంగానే తెడ్డు ముట్టకుండా ఇసుక తిన్నెలు దాటేశాం!

బయట అమ్మే ముడుల తాడు మాత్రం కొనకండి. ముడి విప్పితే గాలి వస్తుందని మూడు వెండి కాసులు అడుగుతున్నారు. ఈలమ్మ గాలిని కట్టిపెట్టే దేవత కాదు, అందుకే ఆ గుడికి తలుపే పెట్టలేదు. ఆ తల్లి పేరు చెప్పి ఇలా అమ్ముతుంటే చాలా కోపం వచ్చింది.

మెట్లు బాగా నిటారు, ముసలివాళ్లకి కష్టం. క్యూ పెద్దగా ఉండదు. తుఫాను ముందు బండ చిల్లులన్నీ ఒకేసారి మోగితే పూజ ఆపేసి, రేవులో ఎవరినీ పడవ విప్పనివ్వరు. ఈ ఒక్క నియమం కోసమైనా కొత్త సరంగులు ముందు ఇక్కడికి రావాలి.