పదకొండో జ్యూరర్ కోసం కొన్న డిస్కు

ఒక హత్య కేసులో తీర్పు చెప్పడానికి న్యాయస్థానం పిలిచిన పన్నెండుమంది సామాన్యుల, అంటే జ్యూరర్ల, కథ 'ట్వెల్వ్ యాంగ్రీ మెన్'. మేటి సినిమాలను డిస్కులుగా తెచ్చే అమెరికా సంస్థ క్రైటీరియన్ 2011లో తెచ్చిన దీని బ్లూరేను చాలామంది కథానాయకుడు హెన్రీ ఫోండా కోసం కొంటారు. నేను మాత్రం పదకొండో జ్యూరర్ కోసం, అంటే ఐరోపా నుంచి వలస వచ్చిన గడియారాల పనివాడిగా నటించిన జార్జ్ వోస్కోవెట్స్ కోసం కొన్నాను. 1957 నాటి సినిమాతో పాటు, 1954 సెప్టెంబరులో సీబీఎస్ టెలివిజన్‌లో ప్రత్యక్ష ప్రసారమైన తొలి రూపం కూడా ఇందులో ఉంది. రెండింటిలోనూ ఆ పాత్ర ఆయనదే.

చెక్ ప్రేక్షకులకు ఆయన పెద్ద పేరు. ప్రాగ్‌లో యాన్ వెరిఖ్‌తో కలిసి నడిపిన నాటకశాలలో ఫాసిస్టులను ఎగతాళి చేసిన ఆయన, 1939లో అమెరికాకు తప్పించుకు వచ్చారు. యుద్ధం ముగిశాక స్వదేశానికి వెళ్లి, 1950లో మళ్లీ అమెరికా చేరినప్పుడు, కమ్యూనిస్టు సానుభూతిపరుడన్న అనుమానంతో అధికారులు ఆయనను న్యూయార్క్ రేవులోని ఎల్లిస్ ద్వీపంలో నెలల తరబడి నిర్బంధించారు. ఇది తెలిసి చూస్తే, బేస్‌బాల్ ఆటకు వేళవుతోందని తీర్పు మార్చుకున్న ఏడో జ్యూరర్‌ను ఆయన నిలదీసే ఘట్టం మరింత బలంగా తగులుతుంది. ముక్కూమొహం తెలియని మనిషి నేరాన్ని తేల్చమని సామాన్యులను ఉత్తరం రాసి పిలవడమే ప్రజాస్వామ్యంలోని గొప్పతనమని చెబుతూ, సరైన ఇంగ్లీషు మాట కోసం ఆయన ఒక్క క్షణం తడుముకుంటారు; ఆ తడబాటును నేను పదేపదే వెనక్కి తిప్పి చూశాను. వలసవాళ్లను ఈసడించే పదో జ్యూరర్ వ్యాకరణాన్ని ఆయన మెల్లగా సరిదిద్దే చోటు కూడా అంతే అపురూపం.

ఛాయాగ్రాహకుడు బోరిస్ కాఫ్మన్ నలుపు తెలుపు చిత్రణ ఈ డిస్కులో చాలా స్పష్టంగా ఉంది, ముఖాల మీది చెమట కూడా కనిపిస్తుంది. టెలివిజన్ రూపం తెర మీది బొమ్మను ఫిల్ముకెక్కించిన ప్రతి కాబట్టి మసకగా ఉంటుంది, దానికి ఎవరినీ తప్పుపట్టలేం. సినిమా దర్శకుడు సిడ్నీ లుమెట్ గురించి, కాఫ్మన్ గురించి మంచి ముఖాముఖులు ఇచ్చినవారు, వోస్కోవెట్స్ మీద ఒక చిన్న ప్రసంగమైనా చేర్చి ఉంటే బాగుండేది.

బ్లూరే డిస్కులను ప్రపంచ ప్రాంతాల వారీగా రీజియన్లుగా విడదీస్తారు, ఒక రీజియన్ డిస్కు మరో రీజియన్ ప్లేయర్‌లో ఆడదు. ఇది అమెరికా ఉన్న రీజియన్ 'ఎ' డిస్కు. భారతదేశం రీజియన్ 'సి' కిందికి వస్తుంది కనుక, ఇక్కడివాళ్లు అన్ని రీజియన్లనూ ఆడించే ప్లేయర్ ఉంటేనే కొనాలి. ఉపశీర్షికలు ఇంగ్లీషులోనే ఉన్నాయి. అమెరికాలో ఉన్న తెలుగువాళ్లకు ప్లేయర్ ఇబ్బంది లేదు. ముందు 1954 ప్రసారాన్ని, మరునాడు సినిమాను చూడమని వాళ్లకు నా సలహా.