కారులో సిగరెట్ జాడ పట్టే మీటరు: చాలాకాలం వాడాక నా అభిప్రాయం

నల్లగొండలో మేము అద్దెకు తిప్పే కార్లలో ఎవరైనా పొగ తాగారేమో తెలుసుకోవడానికి, పీఎం 2.5 కణాలతో (గాలిలో తేలే, 2.5 మైక్రాన్లు లేదా అంతకంటే చిన్న కణాలు; మైక్రాను అంటే మిల్లీమీటరులో వెయ్యో వంతు) పాటు గాలిలోని రసాయన ఆవిరులను కూడా కొలిచే చిన్న మీటరును కొన్నేళ్లుగా వాడుతున్నాను. ఇది పనికొచ్చే పరికరమే. అయితే అది చూపిన అంకె ఒక్కదాన్నే పట్టుకొని డ్రైవరునో కస్టమరునో నిలదీయకూడదు.

మీటరులోని బుల్లి ఫ్యాను గాలిని లోపలికి లాగితే, కణాల మీద పడి చెదిరిన లేజరు కాంతిని బట్టి లెక్క తేలుతుంది. సిగరెట్ పొగలోని కణాలు చాలావరకు ఒక మైక్రాను కంటే చిన్నవి కాబట్టి, అద్దాలు మూసి ఏసీ నడుస్తున్నప్పుడు ఎవరైనా వెలిగిస్తే అంకె చూస్తుండగానే వందల్లోకి ఎగబాకి, తర్వాత నెమ్మదిగా దిగుతుంది. కాని ఆ కణం ఎక్కడిదో మీటరుకు తెలియదు. డ్యాష్‌బోర్డు మీది అగరుబత్తికీ అంతే పెరుగుతుంది, మిర్యాలగూడ రైస్ మిల్లుల దగ్గర అద్దం దించినా, వరి కొయ్యకాళ్లు కాల్చే రోజుల్లో పొలాల పక్కగా వెళ్లినా పెరుగుతుంది, చలికాలపు తెల్లవారుజామున పొగమంచు బిందువులను కూడా కణాలుగానే లెక్కగడుతుంది. ఆవిరుల సెన్సారైతే సెంటుకూ శానిటైజరుకూ స్పందిస్తుంది. అందువల్ల సమయంతో సహా గ్రాఫును ఫోనులో భద్రపరిచే రకాన్నే కొనాలి; అంకె పెరిగిన వేళకు బండి ఎక్కడుందో సరిపోల్చితే సగం అనుమానాలు అక్కడే తీరిపోతాయి.

నిన్న తాగిన పొగను పట్టే శక్తి ఈ మీటరుకు లేదు. అద్దాలు దించి కాసేపు నడిపితే కణాలు బయటికి పోతాయి గాని, నికోటిను, తారు మాత్రం సీటు గుడ్డకు, పైకప్పు లైనింగుకు అంటుకొని ఉండిపోతాయి. వాటిని పట్టాలంటే మనమే స్వయంగా పరీక్షించి చూడడమే మార్గం. బండిని అద్దాలు మూసి ఎండలో నిలిపి, తలుపు తీసిన మొదటి క్షణంలోనే వాసన చూడాలి, ఎందుకంటే కాసేపటికే ముక్కు ఆ వాసనకు అలవాటు పడిపోతుంది. సీటు బెల్టును చివరిదాకా లాగి వాసన చూడాలి; సెంటు చల్లి వాసన కప్పిపుచ్చేవారికి ఈ పట్టీ సాధారణంగా గుర్తుకు రాదు. ముందు అద్దాన్ని లోపలివైపు తెల్లటి తడిగుడ్డతో తుడిచినప్పుడు పసుపు, గోధుమ రంగు జిడ్డు అంటితే అందులో చాలాకాలంగా తాగుతున్నారని నేను గట్టిగా అనుమానిస్తాను. సీటు పట్టాల సందుల్లో బూడిద, సీటు మీద గుండ్రటి కాలిన మచ్చ కనిపిస్తే ఇక మీటరుతో పనే లేదు.

ప్రయాణికులు ఎక్కే ట్యాక్సీలో పొగ తాగడం 2003 నాటి పొగాకు ఉత్పత్తుల చట్టం కింద నిషిద్ధం, 200 రూపాయల వరకు జరిమానా ఉంది. నాకు జరిమానా కంటే, తర్వాత అదే సీటులో కూర్చునే ఉబ్బసం ఉన్న పిల్లల సంగతే ముఖ్యం.

మీటరును ఏసీ గాలి నేరుగా తగిలే చోట పెట్టకండి. మన ఎండల్లో, ఆగి ఉన్న బండిలో అసలే వదలకండి, బ్యాటరీ ఉబ్బుతుంది.