పెండ్లి పత్రిక కొట్టించే ముందు: ఓరుగల్లు ప్రెస్సుల అక్షరాలపై ఒక సమీక్ష

వరంగల్ చౌరస్తా నుంచి హనుమకొండ చౌరస్తా దాకా పెండ్లి కార్డుల దుకాణాలకు కొదవ లేదు. ఆల్బమ్ ముందు పెడతారు, ఇంటిల్లిపాదీ చుట్టూ కూర్చుని రంగు, రేకు, వినాయకుడి బొమ్మ తేల్చుకోవడానికి పూట గడుస్తుంది. మ్యాటర్ చూసుకోవడానికి మాత్రం ఐదు నిమిషాలు. దుకాణం పేరు ఏదైనా ఈ సర్వీసు తీరు దాదాపు ఒక్కటే కాబట్టి ఈ సమీక్ష ఏ ఒక్క దుకాణానిదీ కాదు. డిజైనుకు ఐదులో నాలుగు ఇవ్వొచ్చు, అచ్చుకు కూడా నాలుగు. అక్షరాలకు రెండు, అదీ మొహమాటానికి.

కారణం పని జరిగే పద్ధతిలోనే ఉంది. ఆపరేటర్ కొత్తగా ఏదీ టైపు చేయడు. నిరుడు ఎవరి పెండ్లికో చేసిన ఫైల్ తెరిచి పేర్లు, తేదీ, ఫంక్షన్ హాల్ మారుస్తాడు. అందులో ఉన్న తప్పు అట్లాగే కొత్త ఇంటికి కోడలు లెక్క వస్తుంది. పాత ఇంటి 'ద్వితీయ పుత్రిక' మీ ఒక్కగానొక్క బిడ్డ పేరు ముందు మిగిలిపోవడం అరుదేం కాదు.

పై నుంచి చూద్దాం. 'అవిఘ్నమస్తు' అంటే విఘ్నం లేకుండుగాక అని. చాలా కార్డుల మీద ఇది 'అవిజ్ఞమస్తు' అవుతుంది. అంటే తెలివి లేకుండుగాక అన్నట్టు, శుభమా అని. దాని కింద 'జానక్యాః కమలామలాంజలిపుటే' శ్లోకం ఉంటే అందులో తప్పు పట్టుకోవడం తేలిక. అది శార్దూల విక్రీడితం, పాదానికి సరిగ్గా 19 అక్షరాలు. వేలితో లెక్కపెట్టండి, 17 వస్తే 'కమలామలాంజలి' కాస్తా 'కమలాంజలి' అయిందన్నమాట. సంస్కృతం రాకపోయినా ఈ తప్పు దొరుకుతుంది. ఛందస్సు అంటే భయపడేవాళ్లకు దాని ఉపయోగం ఇంతకంటే బాగా చూపలేం.

తర్వాత వంశం వరుస. ఒక్కరైతే 'గారి', ఇద్దరైతే 'గార్ల'. భార్యాభర్తల పేర్లు రెండూ వేసి కింద 'గారి పుత్రుడు' అని ఉంటే దిద్దించండి. 'ప్రథమ'లో ఉన్నది థ, కడుపులో చుక్క ఉన్నది. 'ప్రధమ' తప్పు. చివర వచ్చే 'ప్రార్థన'లో కూడా అదే థ, కాబట్టి ఆపరేటర్ ఒకచోట తప్పితే రెండోచోటా తప్పే అవకాశం ఎక్కువ. 'జ్యేష్ఠ', 'కనిష్ఠ' రెండింటిలోనూ ష కింద ఠ. 'తృతీయ'లో తృ, త్రు కాదు. 'వధూవరులు'లో ధూ దీర్ఘం. విడిగా రాస్తే 'వధువు' కాబట్టి 'వధువరులు' అని కొట్టేస్తారు, కానీ ఇక్కడ సమాసంలో ఉన్నది సంస్కృత పదం, దానికి దీర్ఘం సహజం. 'ముహూర్తం'లో హూ కూడా అంతే.

అసలు పరీక్ష నడుమ ఉండే పొడుగు వాక్యం. 'తామెల్లరు విచ్చేసి, వధూవరులను ఆశీర్వదించి, మదర్పిత చందన తాంబూలాదులు స్వీకరించి మమ్ము ఆనందింపజేయ ప్రార్థన.' విచ్చేసి, ఆశీర్వదించి, స్వీకరించి అనే మూడూ క్త్వార్థకాలు, అంటే ఒక పని ముగించి ఇంకో పనికి పోయే క్రియలు. వాటన్నిటికీ, చివరి క్రియకూ చేసేవాడు ఒకడే కావాలి. ఇక్కడ అన్నీ చేసేది వచ్చే చుట్టమే కనుక వాక్యం నిలబడింది. దాన్ని కుదించి 'తాము విచ్చేసి విందు ఏర్పాటు చేయడమైనది' అని వేసేవాళ్లున్నారు. ఆ లెక్కన చుట్టమే వచ్చి వంట చేయించాలి. ఎంత పొడుగు వాక్యమైనా ఒక్కో క్రియ దగ్గర ఆగి 'ఎవరు?' అని అడిగితే చాలు, ఎక్కడ తెగిందో కనబడుతుంది.

ఇదే వాక్యంలో ఇంకో మెలిక ఉంది, దాదాపు ఎవరూ పట్టించుకోరు. 'మదర్పిత' అంటే మత్ + అర్పిత, నేను ఇచ్చినది. పక్కనే 'మమ్ము' బహువచనం. ఆహ్వానించేది దంపతులైతే 'అస్మదర్పిత' అనాలి, లేదా హాయిగా 'మా చందన తాంబూలాలు' అనొచ్చు. 'మదార్పిత' అని దీర్ఘమిస్తే ఎటూ కాదు. 'సకుటుంబ సపరివార సమేతంగా'లో 'తో కూడి' అనే అర్థం మూడుసార్లు వచ్చింది: రెండు స-లు, ఒక సమేతం. 'సకుటుంబ సపరివారంగా' అంటే సరిపోతుంది. ఇది ఘోరమైన తప్పేం కాదు, అలవాటైన బరువు. తీసేస్తే ఒక వరుస జాగా మిగిలి అక్షరం సైజు పెంచుకోవచ్చు.

వీటిని వదిలేసే దుకాణమే ఒప్పును దిద్దుతుంది. 'పెండ్లి' అని రాసిస్తే 'పెళ్ళి' అని మారుస్తుంది. ఇది మార్చనివ్వకండి. పెండ్లి, ఇండ్లు, బండ్లు పల్లెటూరి అపభ్రంశాలు కావు, గ్రాంథికం కూడా ఇండ్లు, ముండ్లు అనే అంటుంది. కాళోజీ పుట్టినరోజు సెప్టెంబరు 9ని తెలంగాణ భాషా దినోత్సవంగా జరుపుకుంటున్నాం, ఆయన తిరిగిన హనుమకొండలోనే పెండ్లిని కొట్టేసి దిద్దడం ఏంది? పెళ్లి కూడా ఒప్పే. కావలసింది ఒకే కార్డులో ఒకే రూపం. పైన పెండ్లి, కింద పెళ్లి వద్దు.

ఇదే తీరు 'తల్లితండ్రులు'. ఇంట్లో ఎవరూ అట్లా అనరు, తల్లిదండ్రులు అనే అంటారు. రెండు పేర్లు జతకట్టినప్పుడు రెండో పదం మొదట్లోని క చ ట త పలు గ స డ ద వలు అవుతాయని 1858లో వచ్చిన చిన్నయసూరి బాలవ్యాకరణంలో సూత్రం. కూరగాయలు, అన్నదమ్ములు అన్నీ దాని కిందివే. చ స అవుతుంది కాబట్టే పాత పుస్తకాల్లో 'కాలుసేతులు' కనబడుతుంది. కూరగాయల బండి మీద రోజూ వినబడే సూత్రం కంప్యూటర్ దగ్గరికి వచ్చేసరికి ఎందుకు తప్పుతుందంటే, అక్కడ పదాన్ని పలకరు, రెండు ముక్కలుగా కొడతారు.

టైపింగ్ సంగతి. చాలా ప్రెస్సుల్లో ఇప్పటికీ 'అను' అనే పాత రకం ఫాంట్లే. వాట్సాప్‌లో మీరు పంపే మ్యాటర్ యూనికోడ్‌లో (ఫోన్లు వాడే అక్షరాల పద్ధతి) ఉంటుంది. అది అందులో నేరుగా అతకదు, మళ్లీ కొట్టాలి లేదా కన్వర్టర్‌లో వేయాలి. కొట్టేటప్పుడు నోటి మాట వేలి మీదికి వస్తుంది. పలికేటప్పుడు వ ముందు వినబడుతుంది కనుక 'ఆహ్వానం' కాస్తా 'ఆవ్హానం' అవుతుంది. హ పైన, వ ఒత్తు కింద ఉండాలి. 'మధ్యాహ్నం'లో హ కింద న ఒత్తు, ముందున్నది ధ్య. ద్య అయితే విందు ఏ రకమో చుట్టాలకు అనుమానం వస్తుంది. యూనికోడ్‌లోనే చేసే దుకాణమైతే పొల్లు చూడండి. 'రాజ్‌కుమార్', 'సాఫ్ట్‌వేర్' అనేవి నడుమ కనబడని అడ్డుగీత లాంటి అక్షరం పెట్టకపోతే అతుక్కుపోయి 'రాజ్కుమార్', 'సాఫ్ట్వేర్' అవుతాయి. 'జడ్‌డబ్ల్యూఎన్‌జే పెట్టు' అంటే (ఆ కనబడని అక్షరం పేరే అది) తెలిసిన ఆపరేటర్‌కు అర్థమవుతుంది, లేకుంటే రెండు పదాలుగా విడగొట్టమనండి.

ముహూర్తం అర్ధరాత్రి దాటినాక ఉంటే గట్టిగా చూసుకోవాలి. పంచాంగం రోజు సూర్యోదయంతో మొదలవుతుంది, క్యాలెండర్ రోజు రాత్రి 12కు. గురువారం రాత్రి 2-30 అంటే క్యాలెండర్‌లో శుక్రవారం. పాత కార్డుల్లో 'తెల్లవారితే శుక్రవారం' అని వేసేవారు. ఆ ఒక్క 'తే' మొత్తం గందరగోళాన్ని తీర్చేది. కొత్త టెంప్లేట్లలో దాన్ని తీసేస్తున్నారు, అడిగి పెట్టించండి.

ఫ్లెక్సీలకు ఇంతకంటే తక్కువ మార్కులు. సంతాపం ఫ్లెక్సీలో 'అశృనివాళి' చౌరస్తాకొకటి కనబడుతుంది. కన్నీరు అశ్రు, అందులో ఋ లేదు. 'గృహప్రవేశం'లో నిజంగా ఋ ఉంటే అక్కడ 'గ్రుహ' అని వేస్తారు. 'శ్రద్ధాంజలి'లో ద కింద ధ ఒత్తు. ఫ్లెక్సీ ఒక్కటే ప్రింటు కనుక స్టిక్కర్ అంటించి కప్పొచ్చు. కార్డు ఆఫ్‌సెట్‌లో అయితే ప్లేటు మళ్లీ చేయాలి, ఆ పైసలు మీవే.

ఊరి పేరు కూడా తేల్చుకోండి. 2021లో వరంగల్ అర్బన్ జిల్లా పేరు హనుమకొండ అయింది. నోట్లో హన్మకొండ, పాత బోర్డుల మీద హనంకొండ. సర్కారు రూపం వేస్తే గొడవ లేదు, కానీ కార్డు మొత్తంలో ఒక్కటే ఉండాలి.

ప్రూఫ్ ఫోన్ తెర మీద చూడొద్దు, కాగితం మీద తీయించండి. ఒకరు గట్టిగా చదవాలి, ఇంకొకరు మీరు రాసిచ్చిన కాగితం చూడాలి. తర్వాత పేర్లు, తేదీలు, వారాలు మాత్రం కింది నుంచి పైకి ఇంకోసారి. పై నుంచి చదివితే కన్ను తెలిసిన మాటల మీద జారిపోతుంది. సంతకం పెట్టాక తప్పు మీది అని దుకాణం అంటుంది, అది న్యాయమే. ఇంకొకటి: కవర్ మీద వచ్చే పేర్లు చాలాచోట్ల వేరే ఫైల్‌లో ఉంటాయి, కార్డు ప్రూఫ్‌తో కలిపి చూపించరు. అది కూడా తీయమని అడగండి.