పాంపేలో కెమెరా ఎక్కడ పెట్టాలి?

రోమన్ శిథిలాల మీద డాక్యుమెంటరీలకు కొదవ లేదు. మేము తీయదలచుకున్నది ఆ శిథిలాల్లో నేడు తిరిగే సందర్శకుల గురించి కాబట్టి, ఇటలీలోని పాంపే, హెర్క్యులేనియం, ఓస్టియా ఆంటికా అనే మూడు ప్రాచీన రోమన్ పట్టణాల శిథిలాలనూ వాటి అందాన్ని బట్టి కాక, జనం అక్కడ ఎలా నడుస్తారు, ఎక్కడ ఆగుతారు అన్నదాన్ని బట్టి బేరీజు వేయవలసి వచ్చింది.

క్రీ.శ. 79లో వెసూవియస్ అగ్నిపర్వతం కప్పేసిన పాంపేలో తవ్వకాలు 1748లో మొదలైనా, సుమారు 66 హెక్టార్ల ఆ పట్టణంలో మూడో వంతు ఇప్పటికీ మట్టి కిందే ఉంది. 2024 నవంబరు నుంచి రోజుకు 20,000 మందికి మించి రానివ్వడం లేదు, టికెట్టు మీద సందర్శకుల పేరు కూడా ఉంటోంది. చిత్రీకరణకు ఆ సంఖ్యా ఎక్కువే. ఊరి నడిబొడ్డు కూడలి అయిన ఫోరంలో నాలుగైదు భాషల గైడ్ల మాటలు కలగలిసిపోయి, మా మైకులో ఒక్కటీ తేటగా పడలేదు. అందుకని వీధి పక్కనున్న ఒక పాత నీటి తొట్టి దగ్గర మకాం వేశాము. ఆనాడు నీళ్లకు వచ్చినవాళ్లు చేయి ఆనించగా ఆనించగా దాని రాతి అంచు ఒకచోట పల్లంగా అరిగిపోయింది. సీసా నింపుకోవడానికి వంగిన నేటి యాత్రికులు కూడా, ఎవరూ చెప్పకుండానే, అక్కడే అరచేయి ఆనిస్తున్నారు. ఆ దృశ్యానికి వ్యాఖ్యానం రాయకూడదని అప్పుడే నిర్ణయించుకున్నాము.

వృత్తిపరమైన చిత్రీకరణకు పాంపే పురావస్తు పార్కు అధికారుల ముందస్తు అనుమతి తప్పనిసరి. మామూలు సందర్శకులను 30×30×15 సెంటీమీటర్లకు మించిన సంచులతో లోపలికి వెళ్లనివ్వరు కనుక, పరికరాల జాబితాను దరఖాస్తుతోనే జతచేయడం మంచిది. భోజనానికి నేపుల్స్‌కు సాటి లేదు గానీ, కెమెరా పెట్టెలతో ఉదయపు లోకల్ రైలు ఎక్కడం కష్టమని, ఆంఫిథియేటర్ ద్వారానికి దగ్గరలో, నేటి పాంపే ఊళ్లోనే బస చేశాము. గది శుభ్రంగా ఉంది, ఇంటివారు మర్యాదస్తులు. ప్లగ్గులు మాత్రం రెండే కావడంతో బ్యాటరీలకు వంతులు వేసుకున్నాము.

హెర్క్యులేనియం చిన్నది, మా దృష్టిలో పాంపే కంటే మేలైనది. అదే విస్ఫోటనంలో వేడి బూడిద ప్రవాహాల కింద కూరుకుపోవడం వల్ల అక్కడ తలుపులు, దూలాలు, మంచాలు బొగ్గుగా మారి నిలిచాయి. పురాతన నగరం గోతిలో ఉంటే, దాని అంచునే నేటి ఎర్కొలానో మేడలు నిలబడి ఉంటాయి. బాల్కనీలో బట్టలు ఆరేస్తున్న మనిషీ, కింద బొగ్గయిన దూలాన్ని తేరిపార చూస్తున్న యాత్రికులూ ఒకే ఫ్రేములో దొరుకుతారు.

ప్రాచీన రోమ్‌కు రేవు పట్టణమైన ఓస్టియా రోమ్ నుంచి రైలులో అరగంట దూరమే. పైన్ చెట్ల నీడ, విశాలమైన దారులు ఉండడం వల్ల జనం అక్కడ తీరికగా నడుస్తారు, అడిగితే ఆగి మాట్లాడతారు. రేవు వర్తకుల ప్రాంగణంలో ఓడలు, ఏనుగు బొమ్మలున్న మొజాయిక్‌ల (చిన్న రాతి ముక్కలు పేర్చి చేసిన నేల చిత్రాల) దగ్గర మాకు మంచి సంభాషణలు దొరికాయి. చిన్న బృందంతో ఇలాంటి పని తలపెట్టేవారు ఓస్టియాతో మొదలుపెట్టి, చేయి తిరిగాక పాంపేకు వెళ్లడం మేలు. సోమవారం ఓస్టియా మూసి ఉంటుంది, ఆ రోజును ప్రయాణానికి ఉంచుకోవచ్చు.