కాపిబారాకు ఏ పేరు బాగా నప్పింది?

దక్షిణ అమెరికాలో నదులు, చిత్తడి నేలల పక్కన గుంపులుగా బతికే జంతువు కాపిబారా. దీనికి రెండు పేర్లున్నాయి. ఒకటి బ్రెజిల్ ఆదివాసుల టుపి భాషలోది. సన్నటి ఆకు, అంటే గడ్డి, తినేది అని అర్థం. అదే పోర్చుగీసువాళ్ల నోట పడి కాపిబారా అయింది. రెండోది గ్రీకు మాటలతో కట్టిన శాస్త్రీయ నామం హైడ్రోకోరస్, నీటి పంది.

నీరు అన్నంతవరకు నిజమే. కళ్లు, చెవులు, ముక్కు తల పైభాగానే ఉంటాయి కాబట్టి ఒళ్లంతా మునిగినా చుట్టూ కనిపెట్టుకుని ఉంటుంది. దాదాపు ఐదు నిమిషాలు ఊపిరి బిగబట్టగలదు. చిరుతలాంటి జాగ్వార్ కనిపిస్తే నీళ్లలోకే పరుగు. పంది అనడమే తప్పు. 1766లో, జీవులకు శాస్త్రీయ నామాలు పెట్టిన స్వీడన్ శాస్త్రవేత్త లినేయస్ కూడా దీన్ని పందుల్లోనే కలిపేశాడు. నిజానికి ఇది ఎలుకలు, ఉడతల కోవలోది, గినీ పిగ్‌కి (పేరులో పిగ్ ఉన్నా అదీ ఎలుకల కోవదే) దగ్గరి చుట్టం. ఆ కోవలో ఇంతకన్నా పెద్ద జంతువు ఇప్పుడు లేదు.

నా ఓటు టుపి పేరుకే. దీన్ని రోజూ కళ్లారా చూసినవాళ్లు పెట్టిన పేరు అది, ఇందులో పొల్లు మాట లేదు. పెద్ద కాపిబారా రోజుకు సుమారు మూడు కిలోల గడ్డి మేస్తుంది. నమిలి నమిలి అరిగిపోయే పళ్లు జీవితాంతం పెరుగుతూనే ఉంటాయి. గడ్డి ఒక్కసారికి పూర్తిగా అరగదు కదా, అందుకే పొద్దున్నే తన మెత్తటి పేడను మళ్లీ తిని మిగిలిన సారం కూడా లాగేసుకుంటుంది.