యూనియన్ కార్డు ఇప్పిస్తామంటే డబ్బు కట్టకండి

హైదరాబాద్ కృష్ణానగర్‌లో సినిమా కెమెరా అసిస్టెంట్ కోర్సుతో పాటు యూనియన్ కార్డు, అంటే సినీ కార్మికుల సంఘం సభ్యత్వ కార్డు కూడా ఇప్పిస్తామనే ఆ శిక్షణ సంస్థ సంగతి ఇక్కడ చాలామందికి తెలిసే ఉంటుంది. అమ్మ గొలుసు తాకట్టు పెట్టి తెచ్చిన 85,000 రూపాయలు వాళ్ల చేతిలో పోశాను. 2025 ఆగస్టులో 30 శాతం వేతన పెంపు కోసం సినీ కార్మికుల సమ్మె జరిగి షూటింగులు ఆగిపోవడాన్ని గుర్తుచేసి, కార్డు లేనివాడిని ఇకపై ఎవరూ పిలవరని భయపెడితే నమ్మాను. మూడు నెలల్లో కెమెరా చేతికిచ్చింది రెండే సార్లు. లెన్సు మార్చడం, నటుడి కంటి దాకా టేపుతో దూరం కొలవడం, నేల మీద గుర్తులు అతికించడం, అన్నీ బోర్డు మీద బొమ్మలతోనే ముగించారు. కార్డు వస్తే చాలని అదీ భరించాను.

వాళ్లిచ్చిన కార్డు పట్టుకుని నిన్న ఉదయం ఆరింటికి షూటింగ్ సెట్‌కు చేరుకున్నాను. ప్రొడక్షన్ మేనేజర్ నా కార్డును ట్యూబ్‌లైట్‌కు ఎదురుగా పట్టుకుని చూశారు. అంకెల చోట కాగితం గీకి పలచబడి, పాత సంఖ్య కింద నుంచి కనిపిస్తోంది. "తమ్ముడూ, ఈ నంబరు మనిషి ఇక్కడే ఉన్నాడు" అని ఆయన పిలిస్తే, ఇడ్లీ ప్లేటు పట్టుకున్న ఒక పెద్దాయన వచ్చి జేబులోంచి తన కార్డు తీసి నా కార్డు పక్కన పెట్టారు. ఆయన నన్ను ఒక్క మాట కూడా అనలేదు, కానీ యూనిట్ అంతా తినడం ఆపి నా వైపే చూసింది.

అక్కడి నుంచి నేరుగా సంస్థకు వెళ్లి అడిగితే, యజమాని కుర్చీలోంచి లేవకుండానే, "రసీదులో కార్డు అని ఎక్కడుందో చూపించు, ఎక్కువ మాట్లాడితే ఫీల్డులో అడుగు పెట్టనివ్వను" అన్నాడు. రసీదులో నిజంగానే శిక్షణ రుసుము అని మాత్రమే ఉంది. డబ్బు కట్టేటప్పుడు ఆ ఒక్క లైను చదవకపోవడం నా తప్పే, అమ్మకు ఏం చెప్పాలో ఇంకా తెలియడం లేదు.

సినిమా పనుల 24 శాఖల్లో ఏ శాఖలో చేరాలన్నా సభ్యత్వం ఇచ్చేది ఆ శాఖ యూనియనే కాబట్టి, రుసుమెంతో, నియమాలేమిటో దాని ఆఫీసులోనే అడగండి. అదే సంస్థలో డబ్బు కట్టినవాళ్లు మీ రసీదులు దాచుకోండి, నేను రేపు పోలీసు స్టేషన్‌కు వెళ్తున్నాను.